రేవు పేరే మనిషి పేరు



చాలా ఏళ్ళ కిందటి మాట. సోంపేట దాటి బారువ వైపు వెళ్తూ దారిలో ఒక పల్లెలో ఆగాను. ఎండ వేళ. ఒక ముసలమ్మ అరుగు మీద కూర్చోబెట్టి మంచినీళ్ళిచ్చింది. గుమ్మంలోంచి చూస్తే లోపల మూలన పెద్ద కర్రపెట్టె ఒకటి కనిపించింది. నల్లగా నిగనిగలాడుతోంది. ఇత్తడి బద్దీలు, పైన రెండు కడియాలు. "ఎక్కడిదమ్మా ఆ పెట్టె?" అని అడిగాను. "రంగం పెట్టి బాబూ, మా మావ తెచ్చినాడు" అంది. కాసేపాగి, ఎవరో అడిగినట్టు తనే మళ్ళీ చెప్పింది: "మూడుసార్లు ఎల్లినాడు. రెండుసార్లు వొచ్చినాడు."

రంగం అంటే నాటకాలాడే రంగం కాదని మన శ్రోతల్లో పెద్దవాళ్ళకు చెప్పక్కర్లేదు. గంజాం నుంచి గోదావరి దాకా తీరం పల్లెల్లో రంగం అంటే రంగూన్. బర్మా రాజధానిగా ఉన్న ఊరు. ఇప్పుడు యాంగోన్ అంటున్నారు. "కొడుకేం చేస్తున్నాడు?" అని అడిగితే "రంగమెళ్ళాడు" అని చెప్పుకునే కాలం ఒకటుండేది. ఇప్పుడు దుబాయి అన్నట్టు, అమెరికా అన్నట్టు.

ఆ ముసలమ్మకు తెలియని సంగతి ఒకటుంది. నాకూ ఆ రోజు తెలియదు, తరువాత పుస్తకాలు తిరగేస్తే తెలిసింది. ఆవిడ మామగారు రంగం రేవులో దిగిన మరుక్షణం ఆయన సోంపేటవాడూ కాదు, గంజాంవాడూ కాదు, తెలుగువాడు కూడా కాదు. ఆయన 'కోరింగీ'. అంటే కోరంగివాడు. ఆయన పల్లె నుంచి కోరంగి మూడు వందల కిలోమీటర్ల పైమాటే. ఆ రేవును ఆయన కళ్ళతో చూసి ఉంటాడని నేను అనుకోను. అయినా రంగం దొరల కాగితాల్లో మాత్రం ఆయన కోరంగివాడే. ఆయనే కాదు, విశాఖపట్నంవాడైనా, కళింగపట్నంవాడైనా, బరంపురంవాడైనా అందరూ కోరింగీలే.

సముద్రానికి అవతల ఉన్నవాళ్ళకు మన ఊళ్ళూ కులాలూ తాలూకాలూ తెలియవు. ఓడ ఏ రేవు నుంచి వచ్చిందో ఒక్కటే తెలుస్తుంది. అందుకే రేవు పేరే మనిషి పేరవుతుంది. బంగాళాఖాతానికి అటు ఒడ్డున మనవాళ్ళకు పడ్డ అలాంటి పేర్లను పట్టుకుని, ఆ మనుషుల కథ కొంత ఇవాళ చెప్పుకుందాం. సరిహద్దు జిల్లాల్లో ఉన్న మనకు ఈ కథ బాగా అర్థమవుతుందని నా నమ్మకం. పక్కవాడు పెట్టిన పేరుతో బతకడం మనకూ కొంత అలవాటే కదా.

ముందుగా పాత పేరు. క్లింగ్ అనే మాట ఉంది. మలయా, జావా వైపు 'కెలింగ్' అంటారు. అది కళింగమే. జావాలో ఐర్లంగ అనే రాజుండేవాడు. ఆయన కాలపు శాసనం ఒకటి, క్రీస్తుశకం 1021 నాటిది, ఆ రాజ్యంలో వ్యాపారం చేసుకునే పరదేశుల జాబితా ఇస్తుంది. అందులో సింహళులున్నారు, ద్రవిడులున్నారు, చంపా దేశస్థులున్నారు, ఖ్మేరులున్నారు. జాబితాలో క్లింగులు కూడా ఉన్నారు. అంటే వెయ్యేళ్ళ కిందటే జావాలో పన్ను కట్టే లెక్కల్లో కళింగంవాళ్ళు ఒక పద్దు.

అంతకు ముందు సంగతులు మీకు చాలావరకు తెలిసినవే. శాతవాహనుల నాణేల మీద రెండు తెరచాప స్తంభాల ఓడ బొమ్మ ఉంటుంది. రెండో శతాబ్దంలో గ్రీకు భూగోళవేత్త టాలెమీ మన కృష్ణా తీరాన్ని మైసోలియా అన్నాడు. ఓడలు ఒడ్డును విడిచి సువర్ణభూమికి మళ్ళే చోటు ఈ తీరం మీదే ఉందని రాశాడు. ఆయన చెప్పిన కొంటకొస్సిలా మన ఘంటసాల అంటారు. పలౌరా అన్న రేవు గంజాం దగ్గరి పాలూరు అని చెబుతారు. అమరావతి శైలికి దగ్గరగా ఉండే కంచు బుద్ధ విగ్రహాలు వియత్నాంలోని దోంగ్ దువోంగ్‌లోనూ, ఇండోనేషియాలోని సులవేసి దీవిలోనూ దొరికాయి. అమరావతి స్తూపం కట్టిన ఒడ్డుకూ సులవేసికీ మధ్య ఎంత నీరుందో ఒకసారి పటం తీసి చూడండి.

కటకంలోనూ గంజాంలోనూ కార్తిక పున్నమికి కాగితంతోనూ అరటి డొప్పతోనూ చిన్న పడవలు చేసి, దీపం పెట్టి నీటిలో వదులుతారు. కటకంలో మహానది గట్టున జరిగే ఆ తిరునాళ్ళకు బాలి జాత్ర అనే పేరు. బాలి అంటే బాలి దీవి. ఈశాన్యపు గాలి మొదలయ్యే కాలం అది. ఆ గాలికే పూర్వం ఓడలు బయలుదేరేవని ఒడియా పెద్దలు చెబుతారు. బరంపురంలో ఉన్న తెలుగు పిల్లలు కూడా తోటిపిల్లలతో కలిసి ఆ పడవలు వదులుతారు. ఈ పడవ మీది, ఈ పడవ మాది అని అక్కడ ఎవరూ అడగరు.

క్లింగు మాట తరువాత ఏమైందో చూద్దాం. పదహారో శతాబ్దం మొదట్లో మలక్కాలో ఉన్న తోమే పిరెష్ అనే పోర్చుగీసు ఆయన అక్కడి క్లింగు వర్తకుల బలం గురించి గొప్పగా రాశాడు. అప్పటికే ఆ మాట అర్థం మారింది. కళింగంవాడనే అర్థం పోయింది. తమిళుడైనా తెలుగువాడైనా, దక్షిణాది నుంచి వచ్చిన ప్రతివాడూ క్లింగే అయ్యాడు. మలక్కాలో పద్దెనిమిదో శతాబ్దంలో కట్టిన కంపుంగ్ క్లింగ్ మసీదు ఉంది. పెనాంగ్‌లో కపితాన్ కెలింగ్ మసీదు ఉంది. రెండూ దక్షిణ భారత ముస్లిం వర్తకులవి. అలా మతాలు కూడా దాటిన ఆ మాట, ఇంగ్లీషువారి తోటలకు కూలీలు వచ్చాక, క్రమంగా కిందికి జారింది. ఇవాళ మలేషియాలో ఎవరినైనా కెలింగ్ అంటే అది తిట్టు. అక్కడి నిఘంటువులో ఆ మాటకు ఇచ్చిన అర్థాల మీద భారత సంతతివాళ్ళు అభ్యంతరం కూడా చెప్పారు. రాజుగారి లెక్కల్లో గౌరవంగా ఎక్కిన పేరే వీధిలో తిట్టయింది.

వర్తకుడి పేరు ఇలా దిగజారినా, అతను అమ్మిన గుడ్డ పేరు మాత్రం చెక్కు చెదరలేదు. తమిళనాడు సరిహద్దు శ్రోతలకు ఇది ప్రత్యేకంగా చెప్పాలి. మలయా భాషలో గళ్ళ లుంగీని 'కాయిన్ పెలెకాట్' అంటారు. కాయిన్ అంటే గుడ్డ. పెలెకాట్ అంటే మన పులికాటు! డచ్చివారు 1613లో పులికాటులో గెల్‌డ్రియా కోట కట్టారు. వాళ్ళకు కావలసింది తూర్పు దీవుల లవంగాలు, జాజికాయ. ఆ దీవులవాళ్ళకు వెండి ఇస్తే అంతగా అక్కర్లేదు, గుడ్డ కావాలి. అదీ మన తీరం గుడ్డే కావాలి. అందుకని ఇక్కడ గుడ్డ కొని, అక్కడ దినుసులకు మార్చి, ఆ దినుసులు ఐరోపాలో అమ్మేవారు. ఈ వ్యాపారమంతా ఆధారపడింది మన సాలెల మగ్గం మీద. కోట శిథిలమైంది, డచ్చివారు వెళ్ళిపోయారు. కౌలాలంపూరులో ఇవాళ్టికీ సాయంత్రం స్నానం చేసి పెద్దాయన కట్టుకునే లుంగీ మాత్రం పులికాటే.

రేవుల మాట వచ్చింది కాబట్టి మోటుపల్లి గురించి రెండు ముక్కలు చెప్పకుండా ఉండలేను. ఇప్పటి బాపట్ల జిల్లాలో చినగంజాం దగ్గర ఉందది. ఇవాళ వెళితే చిన్న పల్లె, వీరభద్రుడి గుడి. ఆ గుడి దగ్గర స్తంభం మీద కాకతీయ గణపతిదేవుడు 1244–45లో వేయించిన అభయ శాసనం ఉంది. చరిత్ర పుస్తకాల్లో దాన్ని పన్నుల శాసనంగా చదివి వదిలేస్తాం. నాకు మాత్రం అది మన భాషా ప్రాంతంలో పుట్టిన గొప్ప కాగితాల్లో ఒకటనిపిస్తుంది. కాగితం అన్నాను, క్షమించండి, రాయి.

అందులో సంగతి ఇదీ. ఒక దేశం నుంచి ఇంకో దేశానికి పోతూ తుపానులో చిక్కి ఓడ పగిలి మన ఒడ్డుకు కొట్టుకొస్తే, పాత రాజులు అందులో ఉన్న బంగారం, గుర్రాలు, ఏనుగులు, మణులు అన్నీ బలవంతంగా లాక్కునేవారట. ఓడ నీ ఒడ్డున పగిలితే సరుకు నీదే, అదీ ఆనాటి రేవుల న్యాయం. గణపతిదేవుడు అది మానేశాను అన్నాడు. న్యాయంగా రావలసిన సుంకం తప్ప తక్కినదంతా ఆ వర్తకులకే వదిలేస్తున్నాము అన్నాడు. ప్రాణానికి తెగించి సముద్రం మీద వచ్చేవాళ్ళకు ధనం ప్రాణం కన్నా ఎక్కువ, అందుకే ఈ దయ అని కారణం కూడా చెప్పించాడు. సుంకం ముప్పైకి ఒకటి. ఆ తరువాత సరుకుల జాబితా: చందనం, కర్పూరం, చీనా కర్పూరం, ముత్యాలు, పన్నీరు, దంతం, రాగి, తగరం, సీసం, పట్టునూలు, పగడం, మిరియాలు, పోకలు. చదువుతుంటే చైనా నుంచి అరబ్బు దేశం దాకా వాసన వస్తుంది.

దయ వల్లే చేశాడా, లాభం కోసం చేశాడా అంటే రెండూ అనే చెప్పాలి. ఓడలు రావాలంటే రాజుకు మాట మీద నిలబడే పేరుండాలి. రేవుకు పేరొచ్చింది. గణపతిదేవుడి కూతురు రుద్రమదేవి పేరు చెప్పకుండానే ఆమె పాలన గురించి వెనిస్‌వాడు మార్కో పోలో పొగిడాడు. ఈ రేవునే 'ముట్‌ఫిలి' అన్నాడు. ఇక్కడి సన్నటి బట్టను సాలెగూడుతో పోల్చాడు. కాకతీయులు పోయాక కొండవీటి రెడ్లు వచ్చారు. అనపోత రెడ్డి కూడా 1358లో అదే మోటుపల్లిలో వర్తకులకు అభయమిస్తూ శాసనం వేయించాడు. రాజవంశం మారినా మాట తప్పలేదని అటు ఒడ్డువాళ్ళకు తెలియాలి కదా.

ఇప్పుడు కోరంగికి వద్దాం. యానాం శ్రోతలకు అది పక్క ఊరే. గోదావరి గౌతమీ పాయ సముద్రంలో కలిసే దగ్గర, ఇప్పటి కాకినాడ జిల్లా తాళ్ళరేవు మండలంలో ఉంది. 1886లో యూల్, బర్నెల్ అనే ఇద్దరు ఇంగ్లీషు పండితులు అచ్చు వేసిన పాత మాటల కోశంలో కోరంగికి కూడా చోటుంది. కలకత్తాకూ లంకలోని తిరుకోణమలైకీ నడుమ పెద్ద ఓడలను డాకులోకి ఎక్కించి బాగుచేయగలిగిన చోటు ఇదొక్కటేనన్న పేరుండేది. ఎబెనెజర్ రోబక్ అనే ఇంగ్లీషాయన ఇక్కడ డాకు కట్టింది పంతొమ్మిదో శతాబ్దం మొదట్లో. తాళ్ళరేవులో కర్రపడవలు కట్టే వడ్రంగం ఆనాటి నుంచి వస్తున్నదే.

కోరంగి రెండుసార్లు మునిగింది. 1789 డిసెంబరులో ఒకసారి, 1839 నవంబరులో ఇంకోసారి. మొదటిసారి మూడు అలలు ఒకదాని వెనుక ఒకటి వచ్చి ఊరిని ఊడ్చుకుపోయాయని హెన్రీ పిడింగ్‌టన్ రాశాడు. కలకత్తాలో ఉంటూ తుపానుల మీద పరిశోధన చేసినవాడాయన. 'సైక్లోన్' అనే మాటను 1848లో వాడుకలోకి తెచ్చింది ఆయనే. 1839 తుపానులో మూడు లక్షలమంది పోయారని ఒక పుస్తకం నుంచి ఇంకో పుస్తకానికి ఎక్కుతూ వస్తోంది. ఆ కాలంలో ఆ రేవు చుట్టుపక్కల అంతమంది జనం ఉన్నారంటే నమ్మడం నాకు కష్టంగా ఉంది. అంకె ఎంతైనా కానివ్వండి, ఊరు మాత్రం తేరుకోలేదు. ఒకవైపు తుపానులు, ఇంకోవైపు గోదావరి తెచ్చి పోసే ఒండ్రు. పాయ పూడిపోయింది. ఓడలు కాకినాడకు మళ్ళాయి. ఇవాళ కోరంగి అంటే మడ అడవి, పక్షులు, 1978లో ప్రకటించిన అభయారణ్యం.

చిత్రమేమిటంటే, రేవు చచ్చిపోతున్న కాలంలోనే రేవు పేరు లోకమంతా తిరగడం మొదలుపెట్టింది. మారిషస్‌లో చెరకు తోటలకు 1834 నుంచి ఒప్పందం కూలీలను తీసుకుపోయారు. 1843లో అక్కడికి తెలుగువాళ్ళను మోసుకుపోయిన ఓడ పేరు కోరింగా పాకెట్. అక్కడ తెలుగువాళ్ళకు కోరంగివాళ్ళనే పేరు పడింది. ఆ కోరంగివాళ్ళు సింహాద్రి అప్పన్నను వెంట తీసుకుపోయారు. ఇవాళ్టికీ ఆ దీవిలో అప్పన్న పూజ, అమ్మోరి పండగ, రామభజన ఉన్నాయి. ఉగాది అక్కడ ప్రభుత్వ సెలవు. మూడో ప్రపంచ తెలుగు మహాసభలు 1990లో జరిగింది కూడా మారిషస్‌లోనే. ఇంటిపేరుగా మారిన అప్పడూ, నాయుడూ వంటి పేర్లను ఫ్రెంచి స్పెల్లింగులోంచి వెనక్కి చదివితే మన పల్లెల హాజరు పట్టీ చదివినట్టుంటుంది.

పక్కనే రీయూనియన్ దీవి ఉంది. ఫ్రెంచివారిది. అప్పట్లో బూర్బోఁ అనేవారు. మారిషస్ కన్నా ముందే, 1828 ప్రాంతంలోనే, ఫ్రెంచివారు తమ యానాం నుంచి ఒప్పందం కూలీల తొలి జట్లను అక్కడికి పంపారు. కాగితాల్లో వాళ్ళ పేరు 'తెలింగా'. కోరంగి కన్నా, క్లింగ్ కన్నా ఇదే మనకు దగ్గర పేరు. అయితే తరువాత తమిళ దేశం నుంచి ఎక్కువమంది వెళ్ళారు. దీవిలో దక్షిణాది హిందువులందరికీ కలిపి 'మల్‌బార్' అనే పేరు స్థిరపడింది. మలబారు తీరం ఎక్కడ, యానాం ఎక్కడ! ఆ పేరు కింద తెలింగా అనే మాట, దాంతో పాటే తెలుగు మాట కూడా, కనపడకుండా పోయాయి. రెండు దీవుల మధ్య దూరం రెండు వందల కిలోమీటర్లు. ఒక దీవిలో ఉగాదికి సెలవు, ఇంకో దీవిలో తన ముత్తాత తెలుగువాడన్న సంగతి మనిషికే తెలియదు. నాటల్, ఫిజీ కథలు కూడా ఉన్నాయి గాని, వాటికి ఇంకో ప్రసంగం కావాలి. ఇక రంగానికే పోదాం.

బర్మాలో ఐరావతి డెల్టా మన గోదావరి డెల్టా లాంటిదే, కాకపోతే ఎన్నో రెట్లు పెద్దది. 1852 యుద్ధంతో ఇంగ్లీషువారు దిగువ బర్మాను కలుపుకున్నారు. 1869లో సూయజ్ కాలువ తెరిచారు. అడవులు కొట్టి వరి వేశారు. ఆ ధాన్యం కోయడానికి, మిల్లాడించడానికి, బస్తాలు ఓడల్లోకి ఎత్తడానికి మనుషులు కావాలి. మన గంజాం, విశాఖపట్నం, గోదావరి జిల్లాల్లో కూలి తక్కువ, కరువులు ఎక్కువ. నడుమ సముద్రం నాలుగు రోజుల దారి. బ్రిటిష్ ఇండియా కంపెనీ ఆవిరి ఓడలు గోపాలపూర్, బారువ, కళింగపట్నం, భీమునిపట్నం, విశాఖపట్నం, కాకినాడ రేవుల్లో ఆగి జనాన్ని ఎక్కించుకునేవి. బారువలో ఓడ ఒడ్డుకు రాదు. దూరంగా లంగరేసి ఉంటుంది. మసులా పడవల మీద అలలు దాటి పోయి నిచ్చెన పట్టుకోవాలి. ఈదడం రానివాడు కూడా ఎక్కేవాడు.

ఇక్కడ పంట నూర్పులయ్యాక బయలుదేరి, అక్కడ మిల్లుల పని చేసి, తొలకరికి ముందు తిరిగొచ్చేవాళ్ళు కొందరు. రెండేళ్ళు, మూడేళ్ళు ఉండిపోయేవాళ్ళు ఇంకా ఎక్కువ. వీళ్ళను కూడగట్టేవాడు మేస్త్రీ. తెలిసినవాడే, చాలాసార్లు పక్క ఊరివాడే. ఓడ చార్జీ ఇస్తాడు, ఇంటి ఖర్చుకు కొంత బయానా ఇస్తాడు. ఆ బాకీ తీరేదాకా మనిషి వాడివాడు. ఓడ కంపెనీ కూలి ఇచ్చేది మేస్త్రీల పై మేస్త్రీకి. అక్కడి నుంచి చేతులు మారుతూ కిందికి వచ్చేసరికి అందులో ఎంత మిగిలేదో ఊహించుకోవచ్చు. చెడ్డవాడు ఒక్కడే అయితే అతన్ని తిట్టి ఊరుకోవచ్చు. ఏర్పాటే అలా ఉంది. కష్టానికి అప్పు ఇచ్చేవాడు, చావుకు శవాన్ని మోయించేవాడు కూడా ఆ మేస్త్రీయే.

1931 జనాభా లెక్కల్లో బర్మాలో భారతీయులు పది లక్షల పైచిలుకు. రంగూన్ నగరంలో నాలుగు లక్షల జనం ఉంటే అందులో రెండు లక్షల పన్నెండు వేలమంది మనవాళ్ళు. బర్మా దేశపు ముఖ్యపట్టణంలో బర్మావాళ్ళే తక్కువ! రేవులో బస్తాలు మోసేది, రిక్షా లాగేది, మిల్లులో పొట్టు మింగేది, వీధులూ పాకీదొడ్లూ ఊడ్చేది, ఎక్కువగా తెలుగువాళ్ళు. వడ్డీకిచ్చేది చెట్టియార్లు. దుకాణాలు, గుమాస్తా పనులు తక్కిన రాష్ట్రాలవాళ్ళవి. అంటే బర్మావాడికి ఇండియావాడు దొరలా కనపడేవాడు, ఇండియావాళ్ళలో తెలుగువాడు అట్టడుగున ఉండేవాడు. కూలీలుండే గదులు ఎంత ఇరుకో 1931లో రాజ కార్మిక కమిషన్ నివేదిక చెప్పింది. పగటి పనివాడు లేచిన చాప మీద రాత్రి పనివాడు పడుకునేవాడు.

1930 మే నెల సంగతి చెప్పాలి. కూలి పెంచాలని రేవులో తెలుగు కూలీలు సమ్మె చేశారు. ఓడల కంపెనీలవాళ్ళు వాళ్ళ బదులు బర్మావాళ్ళను పనిలోకి తెచ్చారు. కొన్నాళ్ళకు సమ్మె రాజీ అయింది. మే 26 ఉదయం బర్మా కూలీలు ఎప్పటిలాగే అన్నం మూటలతో రేవుకు వచ్చారు. మీరిక అక్కర్లేదు అన్నారు కంపెనీవాళ్ళు. పనిలోకి తిరిగొచ్చిన తెలుగువాళ్ళు వాళ్ళ ఎదుటే నిలబడి ఉన్నారు. అక్కడ మొదలైన కొట్లాట నగరమంతా పాకింది. వందమందికి పైగా చనిపోయారు. చనిపోయినవాళ్ళలో మనవాళ్ళే ఎక్కువ. దీన్ని బర్మావాళ్ళ క్రూరత్వం అని మనం చెప్పుకుంటాం, పరదేశుల దోపిడీ అని వాళ్ళు చెప్పుకుంటారు. రెండు పూటల కూలి కోసం ఇద్దరు పేదవాళ్ళను ఎదురెదురుగా నిలబెట్టిన మూడోవాడు మాత్రం రెండు కథల్లోనూ కనపడడు.

1937లో బర్మాను ఇండియా నుంచి వేరు చేశారు. 1938లో మళ్ళీ అల్లర్లు. 1941 డిసెంబరు 23న జపాను విమానాలు రంగూన్ మీద బాంబులు వేశాయి. బాంబులు ఎక్కువగా పడ్డది రేవు దగ్గర. రేవులో ఉండేదెవరో ఇందాకే చెప్పుకున్నాం. ఓడల్లో చోటు డబ్బున్నవాళ్ళకు దొరికింది. తక్కినవాళ్ళు నడిచారు. ప్రోమ్ నుంచి టౌంగుప్ కనుమ దాటి అరకాన్ మీదుగా కొందరు, ఉత్తరానికి పోయి టము మీదుగా మణిపూర్‌కు కొందరు. నాలుగైదు లక్షలమంది అలా నడిచారని అంచనా. కలరా, ఆకలి, అడవి జ్వరం. ఎన్ని వేలమంది దారిలో పోయారో లెక్క కట్టినవాళ్ళు లేరు. తెల్లవాళ్ళకు మంచి దారి, మనవాళ్ళకు చావు దారి ఇచ్చారని అప్పట్లో మన నాయకులు గట్టిగా అడిగారు. తెల్ల దారి, నల్ల దారి అనే మాటలు అప్పుడే పుట్టాయి.

అయినా యుద్ధం అయ్యాక మళ్ళీ వెళ్ళినవాళ్ళున్నారు, అసలు కదలనివాళ్ళూ ఉన్నారు. 1964లో నే విన్ ప్రభుత్వం దుకాణాలన్నీ జాతీయం చేసి, యాభై, వంద చాట్ల నోట్లు చెల్లవని ప్రకటించాక రెండో పెద్ద వలస. ఈసారి ఓడల్లోనే వచ్చారు గాని చేతుల్లో ఏమీ లేదు. విశాఖపట్నంలో బర్మా క్యాంపు, మద్రాసులో బర్మా బజారు అప్పటి గుర్తులు. అక్కడే ఉండిపోయిన తెలుగు కుటుంబాలు ఇప్పటికీ ఉన్నాయి. బర్మా పేర్లు పెట్టుకుని, బర్మా మాట మాట్లాడుతూ, పెళ్ళికి మాత్రం తాళి కడుతూ.

ఇందాకటి కోశాన్ని ఇంకోసారి తెరవాలి. యూల్, బర్నెల్ ఇద్దరూ కోరంగి అనే పేరు బహుశా కళింగ అన్న మాటకే మారు రూపం అని రాశారు. భాషాశాస్త్రం తెలిసినవాళ్ళు ఒప్పుకుంటారో లేదో నేను చెప్పలేను. ఒప్పుకుంటే మాత్రం, జావా రాజు శాసనంలో ఎక్కిన క్లింగూ, రంగం రేవులో బస్తా మోసిన కోరింగీ ఒకే పేరు. తొమ్మిది వందల ఏళ్ళ తేడాతో ఒకరు వర్తకుడిగా దిగాడు, ఇంకొకరు కూలీగా దిగాడు.

ఆ ముసలమ్మ మామగారు మూడోసారి ఎప్పుడు వెళ్ళాడని అడిగాను. ఏడాది చెప్పలేకపోయింది. "నా పెద్దోడు పాకతన్నపుడు" అంది. ఆ పెద్దోడి వయసు అడిగి వెనక్కి లెక్క కట్టాను. 1941 వచ్చింది. నేనేమీ అనలేదు. ఆవిడ లోపలికి వెళ్ళి పెట్టె మూత ఎత్తి చూపించింది. అడుగున రెండు పాత చీరలు, మూత లోపలి వైపు సున్నంతో రాసిన అక్షరాలు. గుండ్రంగా ఉన్నాయి. మొదట తెలుగే అనుకున్నాను. కూడబలుక్కుని చదవబోతే రాలేదు. బర్మా లిపి. "ఏటి రాసుంది బాబూ?" అని అడిగింది ఆవిడ. అరవై ఏళ్ళుగా ఆ పెట్టెలో చీరలు దాచుకుంటోంది. చదవగలిగినవాళ్ళు ఆ ఇంటికి ఎవరూ రాలేదు.